బండ కాడి బుడ్డ టమాట

ఆకుల కిందికి చెయ్యి పోనిచ్చి, వేలాడుతున్న బుడ్డను అరచేతిలోకి తీసుకుని, బొటనవేలితో మెల్లగా అదిమి చూసింది బిక్షమ్మ. లోపల గాలి తప్ప ఏమీ లేదు. దాని పక్కది అదిమింది. రేగుపండంత కాయ వేలికి తగిలింది. మూడోది బిగుతుగా ఉంది. కాయ పొరను నలువైపులా తోసుకుని, అడుగున సన్నగా చీల్చుకుని, బంకబంకగా మెరుస్తోంది. దాన్ని తుంచి గంపలో వేసి, మోకాళ్ళ మీద చేతులు ఆనించి పక్క మొక్కకు జరిగింది.

ఏ కాయకైనా కాయతోపాటే తొక్క పెరుగుతుంది. దీనికి మాత్రం ముందుగా కాగితంలాంటి పొర ఒకటి బుడ్డగా ఉబ్బి, రావలసిన కాయకు కావలసినంత జాగా ఉంచుకుని, ఖాళీగా వేలాడుతుంది. తర్వాతెప్పుడో లోపల కాయ మొదలై దాన్ని నింపుకుంటూ వస్తుంది. మూడు వానకాలాలుగా చూస్తున్నా బిక్షమ్మకు ఈ సంగతి పాతబడలేదు.

ఆమె అరవై దాటిన మనిషి. నడినెత్తిన అరచేయంత మేర వెంట్రుక లేదు. తట్టలు మోసి మోసి అక్కడ మొలవడం మానేసింది. మెడ మాత్రం నిటారుగా ఉంటుంది. ఖాళీ చేతులతో నడిచేటప్పుడు కూడా తలమీద బరువున్నట్టే, ఒలకకుండా నడుస్తుంది.

ఆ తోట కల్వకుర్తి దాటాక, శ్రీశైలం రోడ్డు దిగి కాలువ గట్టు వెంట పోతే వస్తుంది. పట్నంలో వ్యవసాయం చదువుకుని వచ్చిన శ్రీవాణి దాన్ని కౌలుకు తీసుకుంది. ఆమె తండ్రి వెంకటనర్సు నిన్న మొన్నటి దాకా మగ్గం నేసినవాడు. ఇప్పుడు కూతురి తోటలో మొక్కలకు దారాలు కడుతుంటాడు. హైదరాబాదు హోటళ్ళవాళ్ళు పుల్లటి చట్నీలకు కొనే ఆ కాయ పేరు టొమాటిల్లో. ఎక్కడో మెక్సికో దేశపు పంట. కూలీలకు నోరు తిరగలేదు. వానకాలంలో గట్ల మీద మొలిచే బుడ్డబుసర మొక్కకు ఇది పెద్దక్కలా ఉందని ‘బుడ్డ టమాట’ అన్నారు. ఇప్పుడు శ్రీవాణి కూడా అదే అంటుంది.

కాలువకు నీళ్ళు వచ్చినప్పటి నుంచి ఆ పక్కంతా గాలి మారింది. ఎండా ఉంటుంది, చెమ్మా ఉంటుంది. ఆ ఉక్కను తట్టుకునే రకం కోసమే శ్రీవాణి మూడేళ్ళుగా వెతుకుతోంది. మొదట వేసిన పెద్ద పచ్చకాయ రకం ఎండకు పూత రాల్చింది, వానకు పగిలి కుళ్ళింది. పసుపుకాయ రకానికి ఆకుమచ్చ పట్టింది. మళ్ళు ఎత్తుగా కట్టి, దూరదూరంగా నాటి, గాలాడేటట్టు కింది ఆకులు తుంచితే చిన్న పచ్చకాయ రకం నిలబడింది. కానీ శ్రీవాణి మనసంతా వంకాయరంగు రకం మీద ఉంది. దాని పులుపులో కొంచెం తీపి ఉంటుంది. నీళ్ళు నిలిచిన మూడు రోజులకే దాని మొదలు కుళ్ళుతుంది. మిగిలిన కాసిని గింజలూ ఈసారి మొలిపించి, ఆ మొక్కలను సన్నటి వల గుడారంలో విడిగా పెట్టింది. తేనెటీగలు పచ్చకాయ పుప్పొడిని మోసుకొచ్చి వాటికి అంటించకుండా ఉండేందుకు ఆ వల. వానలు విడవకుండా పట్టాయి. గుడారంలో మొక్కలు ఒకటొకటే తల వాల్చాయి. నిన్నటికి రెండే మిగిలాయి.

బిక్షమ్మ గంప పక్కన పెట్టి, గుడారం తెర ఎత్తి చూసింది. రెండింట్లో ఒకటి పక్కకు ఒరిగి ఉంది.

“బిడ్డా, జర ఇటు రా.”

శ్రీవాణి వచ్చి వంగి, ఒరిగిన మొక్క మొదలును వేళ్ళ మధ్య నలిపింది. తొక్క తడిగుడ్డలా ఊడి వచ్చింది.

“ఇది గూడ పోయింది.”

“ఇంకోటి మంచిగనే ఉన్నది గద. చూడు, ఎంత పూత పట్టిందో.”

“పూత ఎంతుంటె ఏం లాభం పెద్దమ్మా. ఒక్కటే ఉంటే కాయదు.”

“ఎందుకు కాయదు?”

“దీని పూలకు దీని పుప్పొడి పనికిరాదు. ఇంకో చెట్టుది కావాలె. కొమ్మ తుంచి నాటినా అది గూడ ఇదే చెట్టు. వేరే గింజకు మొలిచిన చెట్టుండాలె. ఆ గింజలే అయిపోయినయి.”

“గా పచ్చకాయ పుప్పొడి అద్దితె?”

“కాస్తది. కాని ఆ గింజల ఈ రకం ఉండది, కలిసిపోతది. ఇన్ని వానలకు నిలబడ్డది ఇదొక్కటే. దీని గింజే కావాలె నాకు.”

బిక్షమ్మ ఆ మొక్క వంక చూసింది. ప్రతి కణుపు దగ్గరా పసుపు పువ్వు, పువ్వు గొంతులో గోధుమరంగు మచ్చ. కింద మట్టి నిండా రాలిన పూలు.

“అయితే గొడ్డుదా ఇది?”

“గొడ్డుది కాదు,” అంది శ్రీవాణి, చేతులు దులుపుకుంటూ. “ఒంటిది. అంతే.”

ఆమె మళ్ళ వైపు వెళ్ళిపోయింది. బిక్షమ్మ తెర పట్టుకుని అక్కడే నిలబడింది. ఆ మాట ఆమె లోపలికి దిగడానికి కొంచెం సేపు పట్టింది.

ఆమెకు పిల్లలు కలగలేదు. పెళ్ళయిన కొన్నేళ్ళకే ఊళ్ళో ఆమెను ఏమని పిలవాలో ఊరు తేల్చుకుంది. పురుడు పోసిన ఇంటికి ఆమెను పిలిచేవాళ్ళు కాదు. అత్త ఇంకో పిల్లను చూసి పెట్టింది. భర్త లింగస్వామి మాటలు ఎక్కువ లేని మనిషి. ఆ ఏడు కూలీలను దూరదేశాలకు తీసుకుపోయే గుంపు మేస్త్రీ దగ్గర పని ఒప్పుకుని వచ్చి, గడ్డపార భుజాన వేసుకుని, “నడువు” అన్నాడు. ఆమె తట్ట పట్టుకుని వెనకాల నడిచింది. తల్లికి అతను ఇచ్చిన జవాబు అదే.

అప్పటి నుంచి ముప్ఫై ఏళ్ళకు పైగా పాలమూరు కూలీలుగా దేశం తిరిగారు. గుజరాత్‌లో కాలువ, ఒడిశాలో కట్ట, మహారాష్ట్రలో కొండ కింద సొరంగం. అతను తవ్వేవాడు, ఆమె మోసేది. తవ్వకం పూర్తవగానే గుడిసె పీకి ఇంకో చోటికి. తాము తవ్విన కాలువలో నీళ్ళు పారడం ఆమె ఎక్కడా చూడలేదు. ఆ నీళ్ళకు ఏం పండిందో అసలే చూడలేదు. అతని మోకాళ్ళు పోయాక, తెలంగాణ వచ్చిన కొత్తలో, ఇద్దరూ సొంతూరు చేరారు. కొన్నాళ్ళకు ఊరి పక్క కాలువలోకి నీళ్ళు వదిలారు. ఎండిన మట్టి మీద నురగతో, పుల్లలతో, మెల్లగా నాలుకలా ముందుకు వచ్చిన ఆ నీళ్ళను చూస్తూ బిక్షమ్మ పొద్దు వాలేదాకా గట్టు మీద కూర్చుంది. ఆ తర్వాతే ఆమె చెయ్యి మొదటిసారి గింజ పట్టుకుంది. మట్టి అంటే మోయడానికి మాత్రమే అనుకున్న మనిషి, అదే మట్టిలోంచి రెండాకులు తలెత్తడం చూసి వాటి పక్కనే కూర్చుండిపోయింది.

తెర వదిలేసి చెట్టు నీడన దారాలు పేనుతున్న వెంకటనర్సు దగ్గరికి వచ్చింది.

“నర్సన్నా, నేను జర ఇంటికి పోయొస్త.”

“పానం బాగలేదా అక్కా?”

“మంచిగనే ఉన్న. పనున్నది.”

పోయిన ఏడు శ్రీవాణి ఇచ్చిన గుప్పెడు వంకాయరంగు కాయలను ఇంటి వెనక, బట్టలుతికే బండ మీద కడిగి పచ్చడి నూరింది. ఈ వానలకు ఆ బండ పక్కన ఒక మొక్క మొలిచింది. రంగు, ఆకు చూసి బిక్షమ్మ గుర్తుపట్టింది. పీకలేదు. అది నడుమెత్తు పెరిగి, విరగబూసింది. ఒక్క బుడ్డ కూడా కట్టలేదు. లింగస్వామి నులకమంచం మీది నుంచి చూసి ఒకరోజు నవ్వుతూ అన్నాడు: “ఏందే నీ గొడ్డుచెట్టు, పూసుడు రాల్చుడే ఉన్నది.” బిక్షమ్మ అతని చాయ గ్లాసు మంచం కోడు పక్కన పెట్టి లోపలికి వెళ్ళింది. అతను ఆ మాట మళ్ళీ అనలేదు. కానీ రోజూ ఆ చెట్టు దిక్కే కూర్చునేవాడు. తోటలో ఎవరికీ ఆమె దాని ఊసు చెప్పలేదు. కాయని చెట్టు గురించి ఏం చెబుతుంది?

ఇప్పుడు పెరటి తలుపు తోసుకుని వచ్చిన ఆమెను చూసి లింగస్వామి మంచం మీద లేచి కూర్చున్నాడు.

“ఏందే, గీ యాల్లకు వచ్చినవ్?”

“గడ్డపార ఏడున్నది?”

“దూలం మీద. ఎందుకు?”

ఆమె బండ మీద కూర్చుని చెప్పింది. ఒంటి చెట్టు కాయదని, అక్కడ ఒకటి, ఇక్కడ ఒకటి ఉన్నాయని, రెండూ ఒకచోట చేరితే కాస్తాయని. అతను తల వంచుకుని విన్నాడు.

“అయితె గిది గొడ్డుది కాదు.”

“కాదట. జోడు లేకనట.”

లింగస్వామి ఆ చెట్టును అప్పుడే మొదటిసారి చూస్తున్నట్టు చూశాడు. కాసేపటికి అన్నాడు: “పూలు తెంపుకపోతె సాలదా? సెట్టెందుకు?”

“పూలు కొండబోతె గక్కడిదే కాస్తది. గిది గిట్లనే ఉంటది. రెండు కాయాలె.”

అతను మంచం పట్టె పట్టుకుని లేచాడు. గడ్డపార కోసం చెయ్యి చాచిన ఆమెను ఆపాడు.

“నువ్వెన్నడు తవ్వినవ్? నేను తవ్వుత.”

“మోకాళ్ళు?”

“కూసోని తవ్వుత.”

మట్టి మీద చతికిలబడి, ముందు గడ్డపార మొనతో చెట్టు చుట్టూ ఆకుల నీడ ఎంతుందో అంత గీత గీశాడు. ఆ గీత వెంట పారను ఏటవాలుగా దించాడు. ఒక్కో పోటుకు ఆగి, చెవి ఒగ్గినట్టు తల వంచాడు. వేరు తగిలిన చప్పుడేదో, మట్టి కదిలిన చప్పుడేదో అతనికి తెలుసు. తడిసిన ఎర్రమట్టిని బిక్షమ్మ చేత్తో తోడి పక్కన పోసింది. అతను ఆగగానే ఆమె చేతులు దిగేవి, ఆమె చేతులు తీయగానే పార దిగేది. ఎన్నో ఏళ్ళ కింద విడిచిన పని అది. ఒంట్లో ఎక్కడా చెదరకుండా ఉన్నందుకు బిక్షమ్మకు ఆశ్చర్యం కలిగింది. చుట్టూ గుంట దిగాక అడుగున పార దూర్చి అతను ఒక్కసారి మొగ్గాడు. మట్టిముద్ద విరగకుండా, వేళ్ళన్నీ లోపల పెట్టుకుని, చెట్టు కుదురుతో సహా లేచింది. ఆమె దాని కింద గోనెసంచి పరిచి బిగించి కట్టింది.

ఇంట్లో మూలనున్న తట్ట అంచుకు తుప్పు పట్టింది. అందులో చెట్టును నిలబెట్టారు. బిక్షమ్మ కొంగు చుట్టి నెత్తిన పెట్టుకుని కొంచెం వంగింది. లింగస్వామి గోడ పట్టుకుని లేచి, ఒక చెయ్యి తాను వేసి, తట్టను ఆమె తలకెత్తాడు.

“మొయ్యగలవా?”

“మోసిన దాంట్ల గిదెంత.”

“పైలం.”

ఆమె సందులోకి తిరిగింది. పెరటి గోడ ఆమెకంటే ఎత్తు. గోడ మీదుగా లింగస్వామికి ఆమె కనిపించలేదు. పూలు నిండిన చెట్టు ఒకటి ఏ మాత్రం ఊగకుండా, గోడ పైన తనంతట తాను నడిచిపోతున్నట్టు కనిపించింది. సందు మలుపు తిరిగేదాకా అతను చూస్తూనే ఉన్నాడు.

కాలువ గట్టు మీద ఎదురైన రామమ్మ మేకలను పక్కకు తోలుకుని దారి ఇచ్చింది.

“ఏంది బిక్షమ్మా, సెట్టును ఊరేగిస్తున్నవా?”

“అత్తగారింటికి తోలుతున్న,” అంది బిక్షమ్మ ఆగకుండా.

మబ్బు పట్టి ఉంది, ఎండ లేదు. పక్కన కాలువ నిండా నీళ్ళు చప్పుడు లేకుండా పారుతున్నాయి. చెవి పైన ఎక్కడో చిన్న రొద వినిపించింది. పువ్వులో ఉన్న తేనెటీగ దిగకుండా వెంట వస్తోంది. తనను ఒక మనిషి మోస్తున్న సంగతి దానికి తెలియదు. బిక్షమ్మ నడక ఇంకా మెల్లగా చేసింది. ఇన్నేళ్ళు తన నెత్తి మీద పోయినదంతా పారబోసే మట్టి. పోసిన చోట ఉండిపోయేది, వెనక్కి తిరిగి చూడనక్కర లేనిది. ఈ మట్టిలో వేళ్ళు తడిమి చూసుకుంటున్నాయి. మెడలోంచి వీపులోకి దిగుతున్న ఆ బరువుకు ఆమె కళ్ళు చెమ్మగిల్లాయి. అది నొప్పి కాదు.

తోటలో తట్ట దించుతుంటే శ్రీవాణి పరుగెత్తుకొచ్చింది. ఆకు తిప్పి చూసింది, కాండం మీది ఊదా గీతలు చూసింది.

“ఇది మనదే పెద్దమ్మా. ఏడిది?”

“మా బండ కాడ మొలిచింది.”

“బండ కాడ? వానకాలమంత?”

“బట్టలు ఉతికిన నీళ్ళు, బోళ్ళు తోమిన నీళ్ళు, అన్ని దాని మొదట్లకే పోతయి.”

శ్రీవాణి మోకాళ్ళ మీద కూర్చుని మొదలు చుట్టూ మట్టి తీసి వేలితో నొక్కింది. గట్టిగా, పచ్చగా ఉంది. మూడేళ్ళుగా ఎత్తు మళ్ళలో, పరదాల కింద తాను వెతికిన మొక్క, ఉతుకుబండ పక్కన మురుగునీళ్ళలో నిలబడి ఉంది. ఆమె మట్టి చేతులను అట్లాగే ఒళ్ళో పెట్టుకుని చాలాసేపు చూసింది.

గుడారంలో ఒరిగిపోయిన మొక్కను తీసేసి, పక్కగా కొత్త గుంట తీసి నాటారు. వెంకటనర్సు మగ్గం మీద తెగిన పోగును కలిపే ముడితో దారం కట్టి, చెట్టును పైకి నిలబెట్టాడు. శ్రీవాణి సన్నటి కుంచె తెచ్చి బిక్షమ్మకు ఇచ్చింది.

“ఇందాంట్ల తిప్పి, అందాంట్ల అద్దు. మళ్ళ అటుది ఇటు.”

బిక్షమ్మ చెయ్యి చాచలేదు.

“నాతోని ఎందుకు బిడ్డా. నువ్వే పెట్టు.”

శ్రీవాణికి అర్థం కాలేదు. “రోజు పచ్చకాయలు తెంపే చెయ్యేగా?”

“తెంపుడు వేరే.”

వెంకటనర్సు దారపు ఉండ చుట్టడం ఆపాడు. అతనిదీ అదే ఊరు. పేరంటాలకు ఎవరిని పిలుస్తారో, ఎవరిని పిలవరో అతనికి తెలుసు.

“నువ్వే పెట్టక్కా,” అన్నాడు. “మోసుకొచ్చింది నువ్వు. ఇంకెవరు పెడితె బాగుంటది?”

ఆమె కుంచె తీసుకుంది. బండ కాడి చెట్టు పువ్వులో కొసను మెల్లగా తిప్పింది. వెంట్రుకలకు లేత పసుపు పిండి అంటింది. కంటికి ఆననంత, ఊదితే పోయేంత. దాన్ని మోసుకుంటూ అడుగు దూరంలో ఉన్న రెండో చెట్టు దాకా చెయ్యి చాచింది. పువ్వు గొంతులో ఆనించింది. ఒకటి, ఇంకొకటి, ఇంకొకటి. మళ్ళీ అటుది ఇటు. పూలన్నీ అయ్యేసరికి పొద్దు వాలింది. బయట సన్నగా చినుకులు మొదలయ్యాయి.

బండ కాడి చెట్టు రెండు రోజులు ఆకులు వాల్చి, మూడోనాడు తలెత్తింది. బిక్షమ్మ రోజూ పొద్దున్నే కుంచె పట్టుకుని గుడారంలోకి పోయేది. వారం తిరిగేసరికి పువ్వులు వాడి రాలాయి కానీ, తొడిమలు రాలలేదు. వాటి చివర గోరంత బుడ్డలు ఉబ్బడం మొదలైంది. రెండు చెట్లకూ.

“బుడ్డలు కట్టినయి,” అని ఆ సాయంత్రం భర్తకు చెప్పింది. “ఇంకా లోపల ఏం లేదు.”

“నింపుకుంటయి తియ్యి,” అన్నాడు లింగస్వామి.

దసరా వెళ్ళిన వారంలో ఒక మధ్యాహ్నం అన్నం తిన్నాక బిక్షమ్మ గుడారం పక్కన వెదురుగుంజకు ఆనుకుని కూర్చుంది. కునుకు తీస్తోందనుకుని వెంకటనర్సు పచ్చకాయ మళ్ళలో దారాలు కట్టుకున్నాడు. చాయ వచ్చిందని చెప్పడానికి పోయినప్పుడు, ఆమె చేతి మీద ఈగ వాలి ఉంది. ఆమె తోలలేదు. కళ్ళు సగం తెరుచుకుని గుడారం దిక్కే ఉన్నాయి. అతను చాయ గ్లాసు కింద పెట్టి, పక్కన కూర్చుని, తర్వాత కూతురిని పిలిచాడు.

దినాలన్నీ అయిపోయాక వెంకటనర్సు లింగస్వామిని బండి మీద ఎక్కించుకుని తోటకు తీసుకొచ్చాడు. అతను ఆ తోట చూడటం అదే మొదలు. శ్రీవాణి గుడారం తెర ఎత్తి పట్టుకుంది. లింగస్వామి కర్ర మీద వంగి లోపలికి చూశాడు. రెండు చెట్లూ ఒకదాంట్లోకొకటి కొమ్మలు పోనిచ్చి అల్లుకుపోయాయి. ఆకుల కింద వరసగా బుడ్డలు. కొన్ని చీలి, చీలికలోంచి నల్లటి ఊదారంగు నిగనిగలాడుతోంది.

“మా బండ కాడిది ఏది బిడ్డా?”

శ్రీవాణి చూపించబోయి, ఒక కొమ్మ పట్టుకుని, అది ఏ చెట్టుదో తెలియక వదిలేసింది. “రెండు గట్లనే ఉన్నయి పెదనాయినా. ఈ గింజే ఇంక మనం ఉంచుకునేది.”

అతను ఒక కొమ్మ కింద చెయ్యి పెట్టి పైకెత్తాడు. జీవితమంతా మట్టి బరువు తెలిసిన చెయ్యి అది. దించకుండా కాసేపు అట్లాగే పట్టుకున్నాడు.

“మంచి బరువున్నది,” అన్నాడు.

తిరిగి వస్తూ వెదురుగుంజ దగ్గర ఆగాడు. పనిలోకి దిగే ఆడవాళ్ళు చీర మీద తొడుక్కునే మగవాళ్ళ చొక్కా, బిక్షమ్మది, ఆ గుంజకు వేలాడుతోంది. ఒడిశాలో కట్ట పని నాడు అతను తొడుక్కున్న నీలం చొక్కా. శ్రీవాణి దాన్ని తీసి ఇవ్వబోయింది. అతను వద్దన్నట్టు చెయ్యి ఊపి, బండి వైపు నడిచాడు. మోచేతుల దాకా మడిచిన చొక్కా చేతులు ఆ మడత విప్పుకోకుండా అట్లాగే ఉన్నాయి, అంచుకు కాయల బంక గట్టిపడి, దానికి అంటుకున్న ఎండుపువ్వు ఒకటి గాలికి కదులుతోంది.